ఆ చాప్టర్ వదిలేయకండి

వేదిక మీదున్న పెద్దలకు, హైదరాబాద్ కాలేజీల నుంచి వచ్చిన చరిత్ర లెక్చరర్లకు నమస్కారం. పేరుపేరునా చెప్పాలి గానీ, నాకిచ్చిన టైములో సగం శాలువా కప్పించుకోవడానికే పోయింది.

నాకిచ్చిన అంశం ‘ఆధునిక చరిత్ర బోధనలో నూతన పద్ధతులు’. ప్రొజెక్టర్లు, స్మార్ట్ బోర్డుల సంగతి నా తర్వాత మాట్లాడే మేడమ్ చూసుకుంటారు. నేను ఒక్క చాప్టర్ గురించే మాట్లాడతాను. 1948, హైదరాబాద్ సంస్థానం భారత్‌లో కలిసిన ఏడాది.

దాన్నెలా చెప్తున్నాం మనం? సెప్టెంబర్ 13న ఆపరేషన్ పోలో, అంటే నిజాం రాజ్యం మీద భారత సైన్యం చర్య, మొదలైంది, 17న నిజాం లొంగిపోయాడు, సైన్యాన్ని నడిపింది జె.ఎన్. చౌదరి. మూడు బిట్లు. గ్రూప్స్‌కి పనికొస్తాయి. నేను పనిచేసిన ఒక కాలేజీలో ఆ మాత్రం కూడా వద్దన్నారు. “అది సెన్సిటివ్ సార్, లైట్‌గా తీసుకోండి, పరీక్షలో ఎట్లాగూ రాదు” అన్నారు. ఒళ్లు మండింది. మర్నాడే పిల్లలకు చెప్పాను, ఇంట్లో ముసలివాళ్లను అడిగి ఒక పేజీ రాసుకురండని.

సిద్దిపేట వైపు అబ్బాయి లేచి చదివాడు. వాళ్లది బైరాన్‌పల్లి. 1948 ఆగస్టు 27న రజాకార్లు ఆ ఊరి మీద పడి జనాన్ని కాల్చి చంపారు. ఊరివాళ్లు కాపు కాసిన బురుజు ఇప్పటికీ ఉంది. అప్పటికి చిన్నపిల్లాడైన వాళ్ల తాత చేలో దాక్కుని బతికాడట. క్లాసంతా చప్పట్లు.

రెండో బెంచీలో టోలీచౌకీ అమ్మాయి మాత్రం తన కాగితం మడిచేసుకుంది. బెల్లు కొట్టాక నా బల్ల మీద పెట్టి వెళ్లిపోయింది. వాళ్ల దాదీది బీదర్ వైపు. సైన్యం వచ్చాక ఆ ఇంట్లో మగవాళ్లెవరూ మిగల్లేదు. ఊరి పేరు అడిగితే “పూఛ్‌కే క్యా కర్తీ?” (అడిగి ఏం చేస్తావు?) అందట ముసలామె. పేజీలో అంతే, నాలుగు లైన్లు.

ఇది ఒక ఇంటి మాట అనుకుంటున్నారేమో. కేంద్ర ప్రభుత్వం పంపిన సుందర్‌లాల్ కమిటీ పదహారు జిల్లాల్లో తొమ్మిది తిరిగి, చనిపోయినవాళ్లు 27 వేల నుంచి 40 వేల దాకా ఉంటారని అంచనా వేసింది. ఎక్కువ నష్టం ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్‌లలో అంది. ఆ నివేదికను దశాబ్దాల పాటు బయటపెట్టలేదు.

మీరే చెప్పండి, ఆ ఇద్దరూ కూర్చున్న క్లాసులో నేనేం చెప్పాలి? ఒకటి చెప్పి రెండోది మింగేస్తే, ఒక బిడ్డ ఇల్లు అబద్ధమైపోతుంది. పోనీ హిందువులు, ముస్లింలు అని రెండు గంపలు పెట్టి సర్దేద్దామా? రజాకార్లను ఎదిరించి రాసినందుకు అదే ఆగస్టులో కాచిగూడలో నరికేసిన ఇమ్రోజ్ సంపాదకుడు షోయబుల్లాఖాన్‌ను ఏ గంపలో వేస్తారు? నిజాం పోయాక కూడా 1951 దాకా తుపాకీ దించని కమ్యూనిస్టు దళాలను?

టీ వచ్చినట్టుంది. తాగండి, నేను ఆపను.

తర్వాతి వారం ఆ బైరాన్‌పల్లి అబ్బాయే వచ్చి, “సార్, ఆ రిపోర్టు యాడ దొరుకుతది?” అని అడిగాడు. నా సర్వీసులో అంత మంచి ప్రశ్న ఇంకోటి వినలేదు. ఈ చాప్టర్ వదిలేస్తే ఆ ప్రశ్న పుట్టేదే కాదు.

సరే, ఇప్పుడు మీ సంగతి. తార్నాకలో స్టేట్ ఆర్కైవ్స్ ఉంది కదా, లోపలికి వెళ్లినవాళ్లు చేతులెత్తండి. ...ఇంతేనా? బస్సులో రోజూ దాని ముందు నుంచే పోతారు చాలామంది! నిజాం కాలపు కాగితాల్లో ఎక్కువ భాగం ఫార్సీ, ఉర్దూ. మనలో ఎందరికి ఆ లిపి వచ్చు? చదవలేని కాగితాల మీద పీహెచ్‌డీలు చేసి, పిల్లలకు బిట్లు పంచుతున్నాం. కోపం వస్తే రానివ్వండి.

వచ్చే బుధవారం పదిన్నరకు ఆ గేటు దగ్గర ఉంటాను. పర్మిషన్ సంగతి నేను మాట్లాడతాను. మీ క్లాసులో ఉర్దూ చదవగలిగే పిల్లలుంటే వెంటబెట్టుకు రండి, ఆ రోజుకి వాళ్లే మనకు సార్లు. టిఫిన్ బాక్సు ఎవరిది వాళ్లే తెచ్చుకోవాలి.