నోరు మూసుకోమన్న గురువు

నమస్కారం. మీ గొంతు ఎప్పుడైనా పోయిందా? జలుబు చేసి బొంగురుపోవడం కాదు, మాట్లాడబోతే గాలి తప్ప ఇంకేమీ రాకపోవడం. ముప్పై ఏళ్ళు బడిలో అరిచి పాఠాలు చెప్పిన మనిషిని, నాకు రెండుసార్లు పోయింది. రెండుసార్లూ మా ఆవిడ మిరియాల పాలు కాచి ఇచ్చింది, రెండుసార్లూ నేను అవి తాగుతూ మాట్లాడుతూనే ఉన్నాను. ఆ సంగతికి మళ్ళీ వస్తాను.

ముందు స్వీడన్ వెళ్దాం. జెన్నీ లిండ్ అనే గాయని 1820లో స్టాక్‌హోమ్‌లో పుట్టింది. తొమ్మిదేళ్ళప్పుడు కిటికీలో కూర్చుని తన పిల్లికి పాట పాడుతుంటే, ఆ దారిన పోతున్న ఒక నాట్యకత్తె ఇంటి పనిమనిషి విని, పరుగున వెళ్ళి యజమానురాలికి చెప్పిందట. అలా రాయల్ థియేటర్ బడిలో చేరింది. 17 ఏళ్ళకే ఒపేరాలో పెద్ద వేషం. ఒపేరా అంటే పద్యనాటకం చూసినవాళ్ళకి కొంత అర్థమవుతుంది, నటిస్తూ పాడాలి, పైగా మైకు లేదు, ముందు పెద్ద వాద్యబృందం, దాన్ని దాటి చివరి వరుస దాకా గొంతు చేరాలి. జెన్నీది సొప్రానో, ఆడవాళ్ళ గొంతుల్లో అన్నిటికన్నా పై స్థాయి. ఊరంతా మెచ్చుకుంటోంది, ఈమె పాడుతూనే ఉంది, పాడుతూనే ఉంది. 20 ఏళ్ళు వచ్చేసరికి గొంతు అరిగిపోయింది.

1841లో పారిస్ వెళ్ళింది, మాన్యుయెల్ గార్సియా అనే పేరున్న గురువు దగ్గరికి. ఆయన ఎదుట పాడుతూ మధ్యలో తడబడి ఆగిపోయింది. ఆయన మొహమాటం లేకుండా, నీకింక గొంతు లేదమ్మా, నేర్పినా ప్రయోజనం లేదు అనేశాడు. స్వీడన్‌లో జనం నెత్తిన పెట్టుకున్న పిల్ల! ఏడ్చింది, బతిమాలింది. అప్పుడాయన ఒక్క షరతు పెట్టాడు. కొన్ని వారాలు ఒక్క స్వరం పాడకూడదు, మాట కూడా వీలైనంత తగ్గించాలి, ఆ తర్వాత రా, చూద్దాం. పాట నేర్చుకోవడానికి వెళ్తే మొదటి పాఠం మౌనం.

ఆమె నిజంగానే నోరు మూసుకుంది. నాకు నచ్చింది ఇదే, ఎందుకంటే నా వల్ల కాలేదు. తిరిగి వెళ్తే గొంతు కాస్త తేరుకుంది, ఆయన శిష్యురాలిగా ఒప్పుకున్నాడు. పేరు తెచ్చుకున్న గాయని మళ్ళీ మొదటికొచ్చి స్వరాలు పైకీ కిందికీ, నెమ్మదిగా, బాగా నెమ్మదిగా సాధన చేసింది. 1842లో స్టాక్‌హోమ్‌లో 'నార్మా' అనే ఒపేరాలో పాడింది.

మిగతాది తొందరగా చెప్పేస్తాను. 1847లో ఆమె పాటకి లండన్ ఊగిపోయింది. 1849లో, ఇంకా 28 ఏళ్ళకే, ఒపేరా మానేసి కచేరీలకే పరిమితమైంది. 1850లో బార్నమ్ అనే ప్రదర్శనల వ్యాపారి కచేరీకి వెయ్యి డాలర్ల లెక్కన అమెరికా తీసుకెళ్ళాడు, ఆ డబ్బులో చాలా భాగం దానధర్మాలకే ఇచ్చేసింది. అందరూ చెప్పేది ఆ అమెరికా కథే, నాకంత ఆసక్తి లేదు. 1887లో కన్నుమూసింది. ఆ గొంతు మనం వినడానికి ఒక్క రికార్డు కూడా లేదు.

గార్సియా సంగతి ఒకటుంది. ఈయనే 1854లో పళ్ళ డాక్టర్లు వాడే పొడుగు పిడి అద్దం గొంతులో పెట్టుకుని, చేతి అద్దంతో ఎండని దాని మీదికి మళ్ళించి, తన స్వరతంతువులు కదలడం తానే చూసుకున్నాడు. ఈఎన్‌టీ డాక్టరు మన గొంతులోకి అద్దం పెట్టి చూసే పద్ధతికి పెద్ద ఊపు అక్కడే వచ్చింది. ఆయన 101 ఏళ్ళు బతికాడు.

ఇప్పుడు నా తప్పు. గొంతు పోయినప్పుడు నేను గుసగుసగా మాట్లాడేవాణ్ణి, అదే విశ్రాంతి అనుకుని. కాదు. గుసగుసలు కూడా గొంతుని శ్రమపెట్టగలవు. మంచినీళ్ళు తాగుతుండండి, చెప్పాల్సింది కాగితం మీద రాయండి. బొంగురు మూడు వారాలు దాటితే డాక్టరుకి చూపించండి, ముఖ్యంగా చుట్టా బీడీ అలవాటున్నవాళ్ళు. నేను రెండోసారి నెల దాటాకే వెళ్ళాను. చూసి, పది రోజులు మాట్లాడొద్దన్నారు. మిరియాల పాలు తాగచ్చా అని అడిగాను. తాగండి మాస్టారూ, కానీ ఇప్పుడు మీరు మాట్లాడుతున్నారు అన్నారు.