ఫోన్ మోగినా కట్ చెప్పని దర్శకుడు

అందరికీ నమస్కారం. వెనక వరసలో వాళ్లకి వినపడుతోందా? సరే.

ఒక సీన్ చెబుతాను. డాక్టరు గది, ఎదురుగా భార్యాభర్తలు. భర్త మెదడులో గడ్డ ఉంది, ఆపరేషన్‌కి వీల్లేదు, ఇక నెలలే అని డాక్టరు చెబుతున్నాడు. ఇంతలో బల్ల మీద ఫోన్ మోగుతుంది. ఆయన తీసి, ఆస్పత్రి పని గురించి రెండు ముక్కలు మాట్లాడి, పెట్టేసి, మళ్లీ వీళ్ల చావు కబురు దగ్గరికి వస్తాడు. ఆ కొన్ని క్షణాలు ఆ ఇద్దరూ అలా కూర్చునే ఉంటారు, ఏడవడానికి కూడా డాక్టరు ఫోన్ పెట్టేదాకా ఆగాలి అన్నట్టు. ఆయన నటుడు కాదు, నిజం డాక్టరే.

ఆ సినిమా ‘హాల్ట్ ఔఫ్ ఫ్రయర్ ష్ట్రెకె’, 2011. రైలు స్టేషన్ కానిచోట ఆగిపోవడం అని అర్థం. తీసింది జర్మన్ దర్శకుడు అండ్రేయాస్ డ్రేజెన్. కాన్ చిత్రోత్సవంలో ‘అన్ సెర్టెన్ రిగార్డ్’ విభాగం బహుమతిని ఇంకో సినిమాతో పంచుకుంది.

ఈయన 1963లో తూర్పు జర్మనీలోని గేరాలో పుట్టారు. కన్నతండ్రీ, పెంచిన తండ్రీ ఇద్దరూ నాటక దర్శకులే. బాబెల్స్‌బెర్గ్ ఫిల్మ్ స్కూల్లో చదువుతుండగానే బెర్లిన్ గోడ కూలింది, ఆ వెంటనే దేశమే లేకుండా పోయింది. మొదటి పెద్ద సినిమా ‘ష్టిలెస్ లాంట్’ (1992) ఆ రోజుల గురించే, కానీ అందులో గోడ దగ్గరి జనం కన్నా, ఎక్కడో చిన్న ఊళ్లో నాటకం రిహార్సల్ చేసుకుంటున్న వాళ్లే ముఖ్యం. చరిత్ర అంతా వాళ్లకి టీవీలో కనిపిస్తుంది, అంతే.

పేరు తెచ్చింది మాత్రం 2002లో వచ్చిన ‘హల్బె ట్రెప్పె’. పోలెండ్ సరిహద్దులో, ఓడర్ నది ఒడ్డున ఉన్న ఫ్రాంక్‌ఫుర్ట్ (మనకి తెలిసిన విమానాశ్రయం ఊరు కాదు, ఇది వేరే). రెండు జంటలు, మంచి స్నేహితులు, ఒకడి పెళ్లానికీ ఇంకొకడికీ సంబంధం. కథ ఇంతే. రాసుకున్న డైలాగులు లేవు, చిన్న యూనిట్, నలుగురు నటులు అప్పటికప్పుడు మాట్లాడుకుంటూ పోయారు. బెర్లిన్ చిత్రోత్సవంలో జ్యూరీ గ్రాండ్ ప్రి వచ్చింది. స్క్రిప్టు లేకపోతే ఎవరైనా నిజంగా మాట్లాడతారనుకుంటారు చాలామంది, నేనైతే నమ్మను, రిహార్సల్ లేని గోల ఎన్ని షార్ట్ ఫిల్ముల్లో చూశాం! ఇక్కడ నటులు ముందు ఆ మనుషుల్ని బాగా తెలుసుకున్నారు, అందుకే ఉప్పు అందించమని అడిగినా కోపం ఎవరి మీదో మనకి తెలిసిపోతుంది.

2008లో ‘వోల్కె 9’. అరవై దాటిన ఇంగె బట్టలు కుడుతుంది, ముప్ఫై ఏళ్ల కాపురం. ప్యాంటు సరిచేసి ఇవ్వడానికి వెళ్లి, డెబ్బై ఆరేళ్ల కార్ల్‌తో ప్రేమలో పడుతుంది. కెమెరా ముడతల్ని దాచదు, సిగ్గూ పడదు. మన సినిమాల్లో ఆ వయసు ఆవిడకి వంటిల్లు, దేవుడి గది తప్ప మూడో గది ఉండదు కదా!

‘గుండర్‌మన్’ (2018) నాకు అన్నిటికన్నా ఇష్టం. బొగ్గు గనిలో ఎక్స్‌కవేటర్ నడిపే గాయకుడు, పాటలు మంచివి, మనిషీ మంచివాడే, కానీ తూర్పు జర్మనీ రహస్య పోలీసులకి తోటివాళ్ల గురించి చెప్పినవాడు. ఈ సినిమా పట్టాలెక్కడానికి పదేళ్లు దాటింది. తప్పొప్పులు మనకే వదిలేస్తారు డ్రేజెన్, తమాషా ఏమిటంటే ఆయన లా చదవకపోయినా బ్రాండెన్‌బుర్గ్ రాష్ట్ర రాజ్యాంగ న్యాయస్థానంలో జడ్జీగా కూడా పనిచేశారు. గ్వాంటనామో అనే అమెరికా జైల్లో పడ్డ కొడుకు కోసం పోరాడిన తల్లి రబియే కుర్నాజ్ మీద 2022లో వచ్చిన సినిమా నాకు అంత ఎక్కలేదు. ఆ తల్లి ఎంత గలగలలాడుతుందంటే, పక్కన లాయరు వెలవెలబోయాడు.

ఇవాళ వేస్తున్నది ‘హల్బె ట్రెప్పె’. అందులో తిండి కొట్టు నడిపే ఊవె ఉంటాడు, అతని కొట్టు బయట ఒక వాయిద్యగాడు నిలబడి ఊవెని విసిగిస్తుంటాడు. తర్వాత చూసేసరికి ఇద్దరు, ఇంకోసారి ఇంకొందరు. లెక్కపెడుతూ ఉండండి. బాబూ, లైట్లు తీసేయ్.