ఆకాశంలో ఏదో ఉంది, సరే... టైమ్ ఎంత?

అందరికీ నమస్కారం. ముందు ఒక క్లిప్ చూద్దాం. మొత్తం పదకొండు సెకన్లు. నల్లటి ఆకాశం, మధ్యలో గుండ్రంగా ఒక తెల్లటి వెలుగు. ఎటూ పోదు. అంచులు మాత్రం నీళ్ళలో దీపంలా వణుకుతుంటాయి. వెనకాల దయ్యాల సీరియల్ మ్యూజిక్. పైన ఎర్ర అక్షరాలతో "హైదరాబాద్‌లో యూఎఫ్‌ఓ" అని. నాగోల్ నుంచి ఒక తమ్ముడు పంపాడు. "అన్నా, నువ్వు ప్రతిదీ ఉత్తదే అంటావు కదా, దీనికి ఏం చెప్తావో చెప్పు" అని కింద ఒక సవాలు కూడా.

చెప్తాను. కానీ ఎగతాళి చేస్తానని మాత్రం అనుకోకండి. రాత్రి తొమ్మిదింటికి టీవీ ముందు నుంచి లేచి, మేడ ఎక్కి, తల ఎత్తి చూసేవాళ్ళు ఈ ఊళ్ళో ఎంతమంది ఉన్నారు? ఎల్‌బీ నగర్ నుంచి లింగంపల్లి దాకా వీధి దీపాల వెలుతురు ఎంత ఉందంటే, ఆకాశంలో పాతిక చుక్కలు లెక్కపెట్టగలిగితే ఆ రోజు పండగే. అలాంటి ఊళ్ళో పైకి చూసే ప్రతి మనిషీ నాకు చుట్టమే.

పైగా నేనూ ఆ బాపతే. ఛానల్ పెట్టిన కొత్తలో ఒకరోజు తెల్లవారుజామున నాలుగున్నరకి మెలకువ వచ్చి మేడ మీదికి వెళ్ళాను. తూర్పున, పక్కింటి వాటర్ ట్యాంక్ పైన, బల్బులా ఒక వెలుగు. అంత వెలుగున్న చుక్క ఉంటుందని నాకు అప్పటిదాకా తెలీదు. ఇరవై నిమిషాలు తీశాను. చూస్తుంటే అది అటూ ఇటూ జరుగుతున్నట్టు కూడా అనిపించింది. చీకట్లో ఒంటరి వెలుగుని కన్నార్పకుండా చూస్తే ఎవరికైనా అలాగే అనిపిస్తుందని తర్వాత తెలిసింది. పక్కన పోల్చుకోవడానికి ఏమీ లేకపోతే, కంటి కదలికనే చుక్క కదలిక అనుకుంటాం. ఆ సంగతి తెలిసేలోపే నేను వీడియో పెట్టేశాను, "గ్రహాంతరవాసులా?" అని ప్రశ్న గుర్తుతో సహా. ఆ ప్రశ్న గుర్తు ఉంది చూశారూ, మా యూట్యూబర్లకి అదే హెల్మెట్.

మా అమ్మ ఆ వీడియో చూసి, "ఓరి నీ అసాధ్యం కూలా, వేగుచుక్క కదరా అది" అంది. నల్గొండ పల్లెలో గడియారం లేని ఇంట్లో పెరిగిన మనిషి. వేగుచుక్క పొడిస్తే లేచి పనిలో పడడం ఆవిడకి అలవాటు. శుక్రగ్రహం. సూర్యుడూ చంద్రుడూ తప్పితే మన ఆకాశంలో అంత వెలుగు రోజూ ఇంకదేనికీ ఉండదు. పుస్తకాల్లో వంద సార్లు చదివినవాణ్ణి, కళ్ళెదుట కనపడితే గుర్తుపట్టలేకపోయాను.

ఇది నా ఒక్కడి పరువు సంగతే అయితే చెప్పేవాణ్ణి కాదు. లద్దాఖ్ సరిహద్దులో మన సైన్యానికి కూడా ఇదే జరిగింది. నెలల తరబడి రాత్రిపూట వెలుగులు కనపడుతున్నాయని, అవి చైనా డ్రోన్లేమోనని జవాన్లు కాపలా కాసి లెక్క రాసుకున్నారు. చివరికి బెంగళూరులోని ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ఆస్ట్రోఫిజిక్స్ వాళ్ళని అడిగితే, వాళ్ళు చూసి అవి శుక్రుడూ బృహస్పతీ అని తేల్చారు. 2013లో పత్రికల్లో వచ్చింది. అయితే సైన్యం చేసిన ఒక మంచి పని గమనించండి. ఎన్నింటికి, ఏ దిక్కున, ఎటు జరిగింది అన్నీ రాసుకున్నారు. ఆ వివరాలు ఉండబట్టే సమాధానం దొరికింది. మా అమ్మ చెప్పగలిగింది కూడా నేను తూర్పు, నాలుగున్నర అన్నాననే.

సరే, మన ఊరి సంగతికి వద్దాం. హైదరాబాద్ వాళ్ళకి ఒక ప్రత్యేకత ఉంది. ఆకాశంలో వింత వస్తువు కనపడితే అది నిజంగానే వింత వస్తువు అయ్యే అవకాశం మనకి ఎక్కువ. ఎందుకంటే దాన్ని పంపేది మనవాళ్ళే. ఈసీఐఎల్ దగ్గర టాటా ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ఫండమెంటల్ రీసెర్చ్ వాళ్ళ బెలూన్ కేంద్రం ఉంది, 1969 నుంచి. అక్కడి నుంచి వదిలేవి పుట్టినరోజు బెలూన్లు కావు. పల్చటి పాలిథిన్‌తో చేసి హైడ్రోజన్ నింపినవి. పైకి వెళ్ళాక 50 నుంచి 85 మీటర్ల వెడల్పు దాకా ఉబ్బుతాయి. 30 నుంచి 42 కిలోమీటర్ల ఎత్తుకి వెళ్తాయి. మనం ఎక్కే విమానాలు పది పన్నెండు కిలోమీటర్ల దగ్గర ఆగిపోతాయి, గుర్తుపెట్టుకోండి.

ఒక లెక్క వేసి చూశాను. 70 మీటర్ల బెలూన్ 35 కిలోమీటర్ల పైన సరిగ్గా మన నెత్తి మీద ఉంటే, పున్నమి చంద్రుడి వెడల్పులో సుమారు నాలుగో వంతు కనపడుతుంది. అంటే చుక్క కంటే పెద్దది, చంద్రుడి కంటే చిన్నది. అలాంటి సైజు వస్తువు మనం ఆకాశంలో ఎప్పుడూ చూసి ఉండం. అందుకే మనసు ఒప్పుకోదు. ఇంకో తమాషా, అంత ఎత్తులో పొద్దు మనకంటే ముందు పొడుస్తుంది, మనకంటే ఆలస్యంగా కుంకుతుంది. కింద చీకటి పడ్డాక కూడా దాని మీద ఎండ ఉంటుంది. ఇక వెలగదా మరి!

2022 డిసెంబరు 7న సరిగ్గా ఇదే జరిగింది. హైదరాబాద్ మీద తెల్లగా ఏదో కనపడిందని ఊరంతా ఫోన్లు పైకెత్తింది. అదే రోజు వికారాబాద్ జిల్లా మర్పల్లి మండలం మొగిలిగుండ్లలో పొలంలో ఒక పెద్ద క్యాప్సూల్ దిగింది. ఊళ్ళోవాళ్ళు పరిగెత్తుకుంటూ పోయి చుట్టూ మూగారు. స్పెయిన్‌కి చెందిన హేలో స్పేస్ అనే కంపెనీ, మనుషుల్ని బెలూన్‌లో పైకి తీసుకెళ్ళాలన్న ప్లాన్‌తో, మన బెలూన్ కేంద్రం నుంచి చేసిన పరీక్ష అది. లోపల మనుషులు లేరు.

అమెరికాలో 1947లో రాస్‌వెల్ అనే ఊరి దగ్గర పడి, గ్రహాంతరవాసుల ఓడ అని పేరు మోసినది కూడా బెలూన్ సామానే. సోవియట్ అణు పరీక్షల చప్పుడు వినడానికి రహస్యంగా వదిలిన బెలూన్ల తాలూకుదని 1994లో వాళ్ళ ఎయిర్‌ఫోర్స్ రిపోర్టు ఇచ్చింది. ఆ ఊరు ఇప్పటికీ గ్రహాంతరవాసుల పేరు చెప్పి మ్యూజియం నడుపుకుంటోంది, బొమ్మలు అమ్ముకుంటోంది. మన మొగిలిగుండ్లకి కనీసం ఒక టీ కొట్టు కూడా రాలేదు. ఏం చేస్తాం.

అన్నట్టు, ఆ బెలూన్ల కింద వేలాడే పరికరాలు ప్యారాచూట్‌తో దిగుతాయి. ఎక్కడైనా కనపడితే విప్పకండి, ఇంటికి పట్టుకుపోకండి, పోలీస్ స్టేషన్‌కి చెప్పండి. ఎవరిదో ఏళ్ళ తరబడి చేసిన పరిశోధన అందులో ఉంటుంది.

ఇక ఫోన్ కెమెరా. నాకు వచ్చే క్లిప్పుల్లో ఎక్కువ వింతలు ఆకాశంలో పుట్టవు, ఇందులోనే పుడతాయి. చుక్కని జూమ్ చేసినప్పుడు ఒక హద్దు దాటాక ఫోన్ కొత్తగా ఏమీ చూడదు, ఉన్న నాలుగు పిక్సెళ్ళనే చపాతీలా సాగదీస్తుంది. చీకట్లో ఫోకస్ దొరక్క వెనక్కీ ముందుకీ వెతుక్కుంటుంది. ఫోకస్ తప్పిన ఏ వెలుగైనా గుండ్రటి పళ్ళెం అయిపోతుంది. మన పాత పత్రికలు "ఎగిరే పళ్ళాలు" అని రాసేవి కదా, ఇప్పుడు అలాంటి పళ్ళేన్ని ఎవరి ఫోన్‌లో వాళ్ళే తయారు చేసుకోవచ్చు.

వీధి లైట్ ఫ్రేమ్‌లో ఉంటే ఇంకో మాయ. దాని వెలుగు లెన్స్ లోపలే అద్దాల మధ్య కొట్టుకుని, ఎదురు మూలలో పచ్చగానో నీలంగానో ఒక మచ్చ వేస్తుంది. దీన్ని పట్టుకోవడం చాలా తేలిక. ఫోన్ మెల్లిగా పక్కకి తిప్పండి. ఆకాశంలో ఉన్నదైతే మేడలతో పాటే జరుగుతుంది. లెన్స్‌లో పుట్టిందైతే లైట్ ఒక వైపు పోతే అది ఇంకో వైపు పోతుంది.

వేగం మాట కూడా అంతే. దూరం తెలియకుండా వేగం చెప్పలేం. అమెరికా నేవీ విమానం తీసిన ఒక వీడియోలో ఏదో వస్తువు సముద్రం మీద బాణంలా దూసుకుపోతున్నట్టు కనపడుతుంది. నాసా నిపుణుల బృందం 2023లో లెక్క కడితే గంటకి సుమారు 65 కిలోమీటర్లే. పరిగెత్తింది ఎక్కువగా కెమెరా ఉన్న విమానం. కేబుల్ బ్రిడ్జి మీద కారులో పోతుంటే చందమామ మనతో పాటు వస్తుంది చూడండి, ఆ రకం.

దారానికి గుచ్చిన ముత్యాల్లా వరసగా పోయే వెలుగుల గురించి ఇంకా అడుగుతూనే ఉన్నారు. అవి స్టార్‌లింక్ ఉపగ్రహాలు, 2019 మే నుంచి పంపుతున్నారు, మొదటిసారే అరవై. సగం ఆకాశం దాటాక మాయమవుతున్నాయంటే, భూమి నీడలోకి వెళ్ళాయని. అంతే, ముందుకి పోదాం.

అన్నిటికీ నా దగ్గర సమాధానం ఉందని కాదు. 2023 నవంబరు 19న ఇంఫాల్ విమానాశ్రయం దగ్గర ఏదో ఎగురుతోందని గంటల తరబడి విమానాలు ఆపారు, వైమానిక దళం వెతకడానికి రఫేల్ విమానాల్ని పంపింది, ఏమీ దొరకలేదు. యూఎఫ్‌ఓ అంటే ఆ మాటకి ఉన్న అర్థం అదే, ఎగిరింది, ఏదో గుర్తుపట్టలేదు. నా హార్డ్ డిస్క్‌లో కూడా రెండు క్లిప్పులు అలాగే ఉన్నాయి. టైమ్, దిక్కు, ఎత్తు అన్నీ ఉన్నాయి, అయినా తేలలేదు. వాటికి మ్యూజిక్ పెట్టలేదు కాబట్టి ఎవరూ చూడట్లేదు, అది వేరే బాధ.

ఇప్పుడు నాగోల్ తమ్ముడు. మెసేజ్ పెట్టాను. "తమ్మీ, టైమ్ ఎంత?" "రాత్రి అన్నా." "రాత్రి అంటే?" "తిన్న తర్వాత." "ఏ వైపు?" "మా బాల్కనీ వైపు." ఇలా రెండు రోజులు నడిచింది. చివరికి, కత్తిరించని ఫైల్ పంపమన్నాను. పంపాడు, పాపం నిజాయతీగానే. అది రెండు నిమిషాల ఆరు సెకన్లు. మనం చూసిన పదకొండు సెకన్లు అందులో మొదటివి. ఒకటిన్నర నిమిషం దగ్గర ఆ వెలుగు పక్కకి తిరుగుతుంది, ఆరిపోతుంది, దాని స్థానంలో ఎర్ర లైటు ఒకటి, పచ్చ లైటు ఒకటి మిణుకుమంటూ శంషాబాద్ వైపు పోతాయి. హెడ్‌లైట్లు వేసుకుని సూటిగా మన వైపే వస్తున్న విమానం కదలనట్టే కనపడుతుంది, మలుపు తిరిగాకే దాని సంగతి తెలుస్తుంది.

అయితే అసలు విషయం అది కాదు. ఆ ఫైల్‌లో పదిహేనో సెకన్ దగ్గర వాళ్ళ చెల్లెలి గొంతు ఉంది. ఈ క్లిప్ మీ అందరికీ చూపించొచ్చా అని అడిగితే తమ్ముడు ఒప్పుకున్నాడు, ఒక్క షరతు మీద. ఆ గొంతు మ్యూట్ చెయ్యాలట. చెల్లెల్ని ఫోన్‌లోకి పిలిచి అడిగాను. ఆవిడ మ్యూట్ చెయ్యొద్దంది, పేరు మాత్రం చెప్పొద్దంది. ఇద్దరిలో నాకు ఎవరి మాట నచ్చిందో మీకు తెలుసు. ఇదిగో పూర్తి క్లిప్, కోత లేదు, మ్యూజిక్ లేదు. కొంచెం సౌండ్ పెంచుకుని వినండి.

"అన్నా... ఫ్లైట్ రా అది. చెయ్యి నొప్పి పుడుతుంది, ఇక లోపలికి రా."