కరివేపాకు రెబ్బ

వ్యాఖ్యాత: నమస్కారం. ఈ రోజు మా బాబాయినే పట్టుకొచ్చాను. ముప్పై ఏళ్లకు పైగా నెల్లూరులో ఉత్తరాలు పంచారు. ఇప్పుడు మాగుంట లేఅవుట్‌లో, నాలుగో అంతస్తులో ఉంటున్నారు. బాబాయ్, ఊళ్లో మీకు తెలియని గడప ఉందా?

బాబాయి: ఉందమ్మా. మా ఎదురు ఫ్లాట్.

వ్యాఖ్యాత: (నవ్వుతూ) వాళ్లు వచ్చి ఎన్నాళ్లయింది?

బాబాయి: రెండేళ్లు. వాళ్ల చెప్పులు గుర్తుపడతాను, పిల్లవాడి సైకిల్ గుర్తుపడతాను. పేరు తెలియదు. మూలాపేటలో తిరిగే రోజుల్లో ఎవరి కొడుకు ఏ నెల డబ్బు పంపలేదో కూడా తెలిసేది. అదంతా మంచిదని అననులే. కొందరికి ప్రాణం విసిగేది.

వ్యాఖ్యాత: ప్రపంచంలో ప్రతి ఆరుగురిలో ఒకరు ఒంటరితనంతో బాధపడుతున్నారని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025 జూన్‌లో చెప్పింది. చుట్టూ మనుషులు లేకపోవడం వేరు, ఒంటరిగా అనిపించడం వేరు అంటుంది. మీది ఏది?

బాబాయి: మా బ్లాకులో ఇరవై ఇళ్లు. మనుషులకేం కొదవ? వాళ్లతో నాకు పనే పడదు. మీ పిన్ని పోయాక ఒకరోజు చేపల పులుసు పెడుతుంటే కరివేపాకు లేదు. ఎదురు తలుపు దాకా వెళ్లి చెయ్యి ఎత్తాను కూడా. ఈ వయసులో రెబ్బ కరివేపాకు కోసం అడుక్కోవడమేమిటి అనిపించి, వెనక్కి వచ్చి ఫోనులో నొక్కాను. అరగంటలో ఎవరో కుర్రాడు తెచ్చిచ్చాడు. పులుసు మర్నాటికి ఇంకా రుచి అంటారు కదా, మూడు రోజులు అదే తిన్నాను.

వ్యాఖ్యాత: అడగడం నామోషీ అయిపోయింది.

బాబాయి: మన రొట్టెల పండుగ చూడమ్మా. మొహర్రం నెలలో బారాషహీద్ దర్గా పక్కన, స్వర్ణాల చెరువు నీళ్లలో నిలబడి, ముక్కూ మొహం తెలియని వాళ్లను “ఉద్యోగ రొట్టె ఉందా? పెళ్లి రొట్టె ఉందా?” అని అడుగుతారు. కోరిక తీరినవాళ్లు మరుసటి ఏడు రొట్టె తెచ్చి ఇంకొకరికి ఇస్తారు. నా రొట్టె నేనే కాల్చుకు తింటే కుదరదు. అక్కడ ఎవరికీ సిగ్గు లేదు. చెరువు గట్టెక్కి దర్గామిట్ట రోడ్డు మీదకు వచ్చామా, మళ్లీ ఎవరి తలుపు వారిదే.

వ్యాఖ్యాత: మరి ఆ ఎదురు తలుపు?

బాబాయి: మొన్న వాళ్లే వచ్చి మా తలుపు కొట్టారు. గ్యాస్ సిలిండర్ వస్తుంది, మేం ఇంట్లో ఉండం, తీసి పెడతారా అని. పొద్దున ఎనిమిదింటికే గుమ్మంలో కుర్చీ వేసుకున్నాను.

వ్యాఖ్యాత: పేరు అడిగారా?

బాబాయి: గ్యాస్ పుస్తకం మీద ఉంది కదా. పాత అలవాటు, ఇంటి నంబరుతో సహా చదివేశాను.