బరంపురంలో ఆయన్ని ఎరిగినవాళ్లు లేరు

హోస్ట్: అందరికీ నమస్కారం. ఈ ఎపిసోడ్ ఒడిశాలోని బరంపురంలో రికార్డ్ చేస్తున్నాం. నాతో ఉన్న అక్కది శ్రీకాకుళం జిల్లా ఉద్దానం, కవిటి మండలం. కిడ్నీ జబ్బుతో భర్త పోయాక, ఇద్దరు పిల్లల్ని తీసుకుని అన్నగారు ఉంటున్న ఈ ఊరికి వచ్చేశారు. పేరు చెప్పొద్దన్నారు, చెప్పను. అక్కా, ఇచ్ఛాపురం నుంచి ఇక్కడికి పాతిక కిలోమీటర్లే. 1936లో ఒడిశా ఏర్పడేదాకా ఇదీ మద్రాసు ప్రెసిడెన్సీలోదే. ఇంత దగ్గరే కదా, అయినా పరాయి ఊరిలాగే ఉందా?

అక్క: దూరం తక్కువే తమ్ముడూ. బజారులో తెలుగుతో పని జరిగిపోతుంది. బడిలో, ఆఫీసుల్లో ఒడియా కావాలి, అదీ నేర్చుకోవచ్చు. కష్టం అక్కడ లేదు. ఇల్లుగలావిడ మొదటిరోజే ‘మీ ఆయన ఏం చేస్తారు’ అని అడిగింది. పోయారని చెప్పాను. ‘అయ్యో’ అని, కరెంటు బిల్లు ఎప్పుడు కట్టాలో చెప్పింది.

హోస్ట్: ఊళ్లో అయితే?

అక్క: పెదకర్మ అయిపోయాక కూడా ఎవరో ఒకరు వచ్చి అరుగు మీద కూర్చునేవారు. కొబ్బరి దింపు రోజు ఆయన చేసే హడావిడి, ఎవరికో అప్పిచ్చి అడగడానికి మొహమాటపడటం, ఇవన్నీ తలుచుకునేవాళ్లం. మధ్యలో నవ్వూ వచ్చేది. ఇక్కడ ఆయన్ని ఎరిగినవాళ్లు మా అన్నయ్య వాళ్లే.

హోస్ట్: మరి అంతమందిని వదిలి ఎందుకు వచ్చారు?

అక్క: పిల్లల గురించి భయం. క్రియాటినిన్ అంటే, కిడ్నీ ఎలా పనిచేస్తోందో రక్తపరీక్షలో తెలిపే లెక్క, ఏమిటో మా వైపు చిన్నపిల్లలు కూడా చెబుతారు. మా వీధిలోనే ఎందరో పోయారు. అందరూ నీళ్ల వల్లే అంటారు.

హోస్ట్: వినేవాళ్ల కోసం ఒక్క మాట. ఉద్దానంలో ఈ జబ్బు మీద ఇరవై ఏళ్లకు పైగా పరిశోధనలు జరుగుతున్నాయి. ఇదొక్కటే కారణమని ఇప్పటికీ తేలలేదు. నీళ్లు, ఎండలో గంటల తరబడి పని, ఇలా చాలా అనుమానాలున్నాయి. ముదిరేదాకా పైకి పెద్దగా తెలియకపోవడం దీనిలో ఘోరం. 2023 డిసెంబరులో పలాసలో 200 పడకల కిడ్నీ ఆసుపత్రి, పరిశోధన కేంద్రం ప్రారంభించారు. హిరమండలం నుంచి పైపులతో మంచినీళ్లూ తెచ్చారు.

అక్క: తెచ్చారు, మంచిదే. కానీ మనిషి పోయిన ఇంట్లో భయం అలా పోదు. ఆయనకి వారానికి మూడుసార్లు డయాలసిస్, ఒక్కోసారి నాలుగు గంటలు. రోజుకి ఇన్నే నీళ్లని డాక్టరు చెబితే గ్లాసుతో కొలిచి ఇచ్చేదాన్ని. ఎండాకాలం ‘ఇంకొక్క గుక్క’ అని అడిగేవారు. ఇచ్చేదాన్ని కాదు. ఇక్కడికి వచ్చిన కొత్తలో మా అబ్బాయి ఆడుకుని వచ్చి చెంబెత్తి గటగటా తాగుతుంటే ‘చాలు, ఆపు’ అని అరిచేశాను. వాడు చెంబు పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. ఆ రాత్రి వాడూ నేనూ చాలాసేపు ఏడ్చాం. ఆయన పోయాక వాడు ఏడవడం అదే మొదటిసారి.

హోస్ట్: అంతకుముందు ఏడవలేదా?

అక్క: తీరికెక్కడిది? తలకొరివి పెట్టాడు, వెంటనే టీసీ, అడ్మిషను. నాకు అద్దె అడ్వాన్సు, పని వెతుక్కోవడం. అప్పడాల పనిలో కుదిరాను. కిలోల లెక్కన డబ్బులు, వాన పడితే ఎండబెట్టేదీ లేదు, డబ్బులూ లేవు. ఆ టెన్షన్‌లో రోజులు గడిచిపోయాయి. చూసినవాళ్లు ‘బాగా సర్దుకున్నావు’ అనేవారు.

హోస్ట్: ఆ మాట నేనూ చాలా ఇళ్లలో విన్నాను. పనిలో పడ్డ మనిషిని చూసి దుఃఖం తీరిపోయిందనుకుంటాం. ఇల్లు కుదిరి, బడి కుదిరి కాస్త ఊపిరి పీల్చుకునే వేళకి అసలు ఏడుపు మొదలవుతుంది. అప్పటికి పలకరించేవాళ్లు ఉండరు. పాప ఎలా ఉంది అక్కా?

అక్క: బడిలో నాన్న ఊళ్లో ఉన్నాడని చెప్పుకుంది. కొబ్బరితోట చూసుకుంటున్నాడట, పండక్కి వస్తాడట. ఫ్రెండు వాళ్లమ్మ నన్ను అడిగితే తెలిసింది.

హోస్ట్: మందలించారా?

అక్క: లేదు. ‘నాన్న గురించి ఇంకా ఏం చెప్పావు’ అని అడిగాను. చాలా చెప్పింది. ఈత నేర్పాడని, ముంజెలు కొట్టి పెట్టేవాడని. అన్నీ నిజాలే. అప్పటినుంచి రాత్రి అన్నాల దగ్గర ఆయన మాట ఎత్తుతున్నాం. మా అన్నయ్యా ఆయనా స్నేహితులు, అన్నయ్యకి నాకు తెలియని సంగతులు తెలుసు. కొన్నాళ్లకి ఆ పిల్లే ఫ్రెండుకి నిజం చెప్పేసింది.

హోస్ట్: బయట మనసు విప్పి మాట్లాడేవాళ్లు దొరికారా?

అక్క: అప్పడాల దగ్గర సోంపేట వైపు ఆవిడ ఒకరున్నారు. ఆవిడ భర్తదీ ఇదే జబ్బు. మేం పెద్దగా మాట్లాడుకోం, ‘ఈ రోజు ఎలా ఉంది’ అంటే చాలు. డేరా వీధిలో ఒక ముసలమ్మ ఉంది, వాళ్ల పెద్దలు ఎప్పుడో మన వైపు నుంచి వచ్చిన నేతవాళ్లు. ఇక్కడి అమ్మవారి జాతర, ఠాకురాణి యాత్ర సంగతి ఆవిడే చెప్పింది. బుఢీ ఠాకురాణి రెండేళ్లకోసారి పుట్టింటికి వస్తుంది, ఆ పుట్టిల్లు దేశీబెహెరా వాళ్లది, అంటే ఆ నేతవాళ్ల పెద్దది. ‘అమ్మవారికే ఇక్కడ మా ఇల్లు పుట్టిల్లయింది, నువ్వు మీ అన్న దగ్గరికి వచ్చావు, దిగులెందుకు’ అంది. ఆ మాటకి నిజంగా ధైర్యం వచ్చింది తమ్ముడూ.

హోస్ట్: సంవత్సరీకం దగ్గర పడింది కదా. ఇక్కడే చేస్తారా?

అక్క: ఇక్కడైతే ఖర్చు తక్కువ, అన్నయ్య అదే అన్నాడు. అబ్బాయి మాత్రం ఊళ్లోనే పెట్టాలన్నాడు. తిథి చూస్తే లెక్కల పరీక్ష రోజు పడింది. వాడే వెళ్లి మాస్టారికి ఒడియాలో చెప్పుకున్నాడు. తర్వాత విడిగా రాయిస్తామన్నారు. మా మరిదికి ఫోన్ చేశాను, భోజనాలకి ఎవరెవరిని పిలవాలో రాసుకుంటున్నారు. ముందురోజు రైలుకి బయల్దేరుతున్నాం, సోంపేట ఆవిడ కూడా వస్తానన్నారు.