శివారు దాకా: దివి తాలూకా చరిత్ర, పాలన
(గ్రంథాలయ వారోత్సవాల్లో చేసిన ప్రసంగ పాఠం)

పెద్దలకు నమస్కారం. పిల్లలు కూడా చాలామంది వచ్చారు, సంతోషం.

గ్రంథాలయ వారోత్సవాలు ఏటా నవంబరు 14 నుంచి 20 దాకా జరుగుతాయి. అన్ని ఊళ్లకీ అది పుస్తకాల పండగ. మన దివిసీమకి మాత్రం ఆ వారంలోనే 19వ తేదీ, 1977లో ఉప్పెన వచ్చిన రోజు, వస్తుంది. అందుకే ఈ వేదిక ఎక్కితే నాకు పుస్తకాల కంటే ముందు ఊళ్లు గుర్తొస్తాయి. సొర్లగొంది, పాలకాయతిప్ప, హంసలదీవి.

నేను రెవెన్యూలో ముప్పై ఏళ్ల పైన పనిచేశాను. చరిత్రకారుణ్ణి కాను. కానీ ఈ తాలూకా చరిత్ర అర్థం కావడానికి ఒక్క మాట చాలని నాకనిపిస్తుంది. ఆ మాట మీకందరికీ తెలిసిందే: శివారు. కాలువ చిట్టచివరి పొలం. పైనున్న ఊళ్లలో నాట్లు అయిపోయినా, శివారు రైతు ఇంకా కాలువ నీళ్లు వదిలే లస్కరు వెనకాలే తిరుగుతూ ఉంటాడు. మనకి నీళ్లే కాదు, కబురూ, కాగితమూ, ఆఫీసూ అన్నీ ఆఖర్నే వచ్చాయి.

ముందు హద్దులు చూద్దాం. పులిగడ్డ దగ్గర కృష్ణమ్మ రెండు పాయలవుతుంది. ఆ పాయల నడుమ, సముద్రం దాకా ఉన్నది దీవి. ఇప్పటి అవనిగడ్డ, నాగాయలంక, కోడూరు మండలాలు. పాత దివి తాలూకా ఇంతకంటే పెద్దది. చల్లపల్లి, మోపిదేవి, ఘంటసాల వైపంతా అందులోదే. కూచిపూడి, మొవ్వ కూడా. పాత కాగితాల్లో 'కూచిపూడి, దివి తాలూకా' అని చూసినప్పుడు ఇప్పటి కుర్రాళ్లు ఆశ్చర్యపోతుంటారు. ఇక ఘంటసాల ఇవాళ్టిది కాదు. అక్కడ బౌద్ధ స్తూపం బయటపడింది. పాతకాలపు గ్రీకు పండితుడు టాలమీ రాసిన భూగోళంలో కంటకొస్సిల అనే రేవు ఇదేనని పండితులు చెబుతారు.

ఇంగ్లీషువాళ్ల చేతికి మనం బందరుతో పాటే వెళ్లాం. 1759లో కర్నల్ ఫోర్డ్ ఫ్రెంచివాళ్ల నుంచి బందరు కోట పట్టుకున్నాక, నిజాం సలాబత్ జంగ్ ఈ చుట్టుపక్కల సీమని కంపెనీకి రాసిచ్చాడు. తర్వాత జిల్లాల పేర్లు మారుతూ వచ్చాయి. 1859లో కృష్ణా జిల్లా ఏర్పడింది, 1904లో గుంటూరు విడిపోయింది, 1925లో పశ్చిమ గోదావరి విడిపోయింది. మన సంగతి మాత్రం అంతే. ఎవరు విడిపోయినా మనం కృష్ణాలోనే ఉన్నాం. 2022లో ఎన్టీఆర్ జిల్లా విడివడినప్పుడూ బందరే మనకు జిల్లా కేంద్రం.

భూమి కథ వేరు. 1802 నాటి శాశ్వత శిస్తు పద్ధతిలో జమీందారు కంపెనీకి కట్టవలసిన పేష్కష్ ఒకసారి ఖరారైపోయింది. రైతు దగ్గర ఎంత వసూలు చేస్తాడన్నది అతని దివాణం సంగతి. చల్లపల్లి దివాణం, అంటే యార్లగడ్డ వారి దేవరకోట ఎస్టేటు, మన తాలూకాలో పెద్దది. సర్కారు ఊరి రైతుకి ఏదైనా కష్టమొస్తే తాసిల్దారు ముందు నిలబడేవాడు. ఎస్టేటు రైతు దివాణం మెట్ల దగ్గర నిలబడేవాడు. ఒకే తాలూకాలో రెండు రకాల మనుషులు! మంగళాపురంలో పుట్టిన చండ్ర రాజేశ్వరరావు గారు కమ్యూనిస్టు పార్టీ జాతీయ నాయకుడయ్యారంటే, ఈ నేల మీద చూసింది ఆయన్ని ఊరికే వదల్లేదని నేననుకుంటాను. 1948 చట్టంతో ఎస్టేట్లు రద్దయి రైత్వారీ పట్టాలు, అంటే నేరుగా రైతు పేరు మీదే పట్టాలు, రావడం మొదలైంది. మన రికార్డు గదిలో అంతకంటే పెద్ద మార్పు ఇంకోటి జరగలేదు.

నీళ్ల సంగతి చూడండి. బెజవాడ ఆనకట్ట 1855కల్లా పూర్తయింది. డెల్టా పచ్చబడింది. దీవికి మాత్రం అడ్డంగా పాయ ఉంది, కాలువ దాటలేదు. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో ఇంజన్లు పెట్టి నది నుంచి నీళ్లు తోడిపోశారు. తర్వాత పులిగడ్డ అక్విడెక్టు కట్టి పాయ మీదుగా కాలువనే దాటించారు. మీలో చాలామంది ఆ అక్విడెక్టు పక్కనే రోజూ బస్సులో వెళ్తారు. ఒక్కసారి దిగి చూడండి. కింద నది, పైన కాలువ.

ఇక 19వ తేదీ. 1977, శనివారం. తుఫాను వస్తోందని రేడియోలో చెప్పారు. కానీ శివారు ఊళ్లలో ఎన్ని ఇళ్లలో రేడియోలున్నాయి? పైగా తుఫాన్లు మనకి కొత్త కాదు, గాలి కొట్టి పోతుందిలే అనుకున్నారు. ఉప్పెన అన్న మాటే చాలామందికి తెలియదు. అంతకుముందు 1864 నవంబరు 1న బందరుని ఉప్పెన ముంచితే ముప్పై వేల మంది పోయారు. నూట పదమూడేళ్లలో ఆ జ్ఞాపకం చెరిగిపోయింది. ఈసారి అధికారిక లెక్కే పదివేల దాకా వెళ్లింది. తుమ్మచెట్ల కొమ్మలు పట్టుకుని బతికినవాళ్లు, ముళ్లు దిగిన చేతులు, ఇవన్నీ ఈ హాల్లో కూర్చున్న పెద్దలకి నేను చెప్పాలా? మన అవనిగడ్డ నాయకుడు మండలి వెంకట కృష్ణారావు గారు ఈ సీమని మళ్లీ నిలబెట్టడానికి పడిన పాట్లు కూడా మీకు తెలుసు.

ఆ తర్వాత తుఫాను షెల్టర్లు వచ్చాయి. 1990 మేలో మళ్లీ పెద్ద తుఫాను మన తీరానికే వచ్చింది. ఈసారి లక్షమందికి పైగా ముందే ఖాళీ చేయించారు. చనిపోయినవాళ్లు వెయ్యిలోపే. వెయ్యి చిన్న సంఖ్య కాదు, ప్రతి ఒక్కరూ ఒక ఇంటి మనిషి. కానీ పదివేల పక్కన పెట్టి చూడండి, కబురు ముందుగా శివారుకి చేరితే ఏమవుతుందో అర్థమవుతుంది.

1984లో కరణం, మునసబు ఉద్యోగాలు రద్దయ్యాయి. 1985లో తాలూకాలు పోయి మండలాలొచ్చాయి. వంశపారంపర్యంగా ఊరి లెక్కలన్నీ ఒక ఇంటి పెట్టెలో ఉండటం అన్యాయమే. పోవడం మంచిదే. ఘంటసాల మనిషి సంతకం కోసం అవనిగడ్డ దాకా రావలసిన అవసరం తీరింది. అయితే ఒక నష్టం కూడా జరిగింది. ఏ బోదె ఎప్పుడు పూడింది, ఏ డొంక ఎవరు కలుపుకున్నారు, ఇవన్నీ కరణానికి నోటికొచ్చేవి. ఆ పరిజ్ఞానం కాగితం మీదికి రాకుండానే పోయింది.

నేను గుమస్తాగా చేరిన కొత్తలో ఒక పెద్దాయన వచ్చాడు. సముద్రం వార ఊరు. పట్టా కావాలనో, నకలు కావాలనో అనుకున్నాను. 'పాత అడంగల్లో మా నాయన పేరుందేమో చూడు బాబూ' అన్నాడు. అడంగల్ అంటే ఏ పొలంలో ఎవరు ఏ పంట వేశారో రాసే ఊరి లెక్క. బీరువాలోంచి ఆ కట్ట తీసి, దుమ్ము దులిపి, సర్వే నంబరు పట్టుకుని వెతికాను. ఉంది. కరణం గొలుసుకట్టు రాత, పక్కన విస్తీర్ణం, వరి అని పంట పేరు. ఆయనకి చదువు రాదు. 'ఎక్కడ?' అన్నాడు. చూపించాను. ఆ పేరు మీద వేలు పెట్టి కాసేపు అలాగే ఉంచాడు. ఉప్పెనలో ఇల్లు పోయింది, మనుషులు పోయారు, తండ్రి ఫోటో ఒక్కటి కూడా మిగల్లేదట. లోకంలో ఆయన తండ్రి ఆనవాలు ఆ ఒక్క గీతలోనే ఉంది.

నీళ్ల మధ్య దీవి అయిన ఎదురుమొండికి ఇప్పటికీ పంటు మీదే దాటుతున్నాం. వంతెన కోసం ఏళ్ల తరబడి అడుగుతూనే ఉన్నారు. పురిటి నొప్పులొచ్చిన ఆడపిల్ల రేవులో పంటు కోసం ఎదురుచూడటం ఏమిటో, అక్కడి తల్లుల్ని అడగండి. వంతెన వేయించడం నా చేతుల్లో లేదు. కానీ ఒకటి మన చేతుల్లో ఉంది.

మీ ఇళ్లలో శిస్తు రసీదులు, దివాణం వాళ్లిచ్చిన కాగితాలు, పాత పట్టాలు, ఉప్పెన తర్వాత సాయం తీసుకున్న కార్డులు ఉంటాయి. పనికిరావని పొయ్యిలో పెట్టకండి. ఈ లైబ్రరీలో ఒక బీరువా ఖాళీ చేసి ఇస్తామని నిర్వాహకులు ఒప్పుకున్నారు. అసలు మీ దగ్గరే ఉంచుకోండి, ఫోన్లో ఫోటో తీసి పంపినా చాలు. వచ్చే ఆదివారం నుంచి ప్రతి ఉదయం పది గంటలకి నేనిక్కడే కూర్చుంటాను. చదవడం రాని కాగితమైతే మరీ మంచిది, ఇద్దరం కలిసి చదువుదాం.