స్విచ్ ఆపేసే ఇళ్లలో వీడియో గేమ్

శ్రోతలకు నమస్కారం.

సంక్రాంతికి హైదరాబాద్ నుంచి, బెంగళూరు నుంచి, చెన్నై నుంచి పిల్లలు నెల్లూరు చేరతారు. కనుమ నాడు భోజనాలయ్యాక పెదనాన్న పిల్లలు, మేనత్త పిల్లలు ఒకే గదిలోకి దూరి టీవీ ముందు బైఠాయిస్తారు. దసరా సెలవుల తర్వాత ఎవరూ ముట్టని గేమింగ్ కన్సోల్‌కు దుమ్ము దులిపి తీగలు తగిలిస్తారు. క్రికెట్ మైదానం కోసం చూస్తున్న కళ్లకు ఒక సన్నని గీత కనిపిస్తుంది. అప్‌డేట్ డౌన్‌లోడ్ అవుతోంది, 20 జీబీ, మిగిలిన సమయం 4 గంటలు. అప్పటిదాకా కంట్రోలర్ కోసం కొట్టుకున్నవాళ్లు ఒక్కొక్కరే లేచి ఫోన్లలో పడతారు. ఆ గీత పండగ నాడే ఎందుకు ప్రత్యక్షమవుతుందో, దాన్ని ఎలా తప్పించుకోవచ్చో ఈ రోజు మాట్లాడుకుందాం.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. అందరూ ఇంటర్నెట్‌ను తిడతారు గానీ, అసలు చిక్కు టీవీ పక్కన ఉన్న స్విచ్ బోర్డులో ఉంది. రాత్రి పడుకోబోయే ముందు తాతయ్య లేచి అక్కడి స్విచ్‌లన్నీ వరసగా ఆపేస్తారు. కరెంటు బిల్లు ఒక కారణం, పిడుగుల భయం ఇంకో కారణం. కన్సోల్ తయారుచేసినవాళ్లు మాత్రం అది రాత్రంతా కరెంటు మీదే ఉంటుందని, ఇంట్లోవాళ్లు నిద్రపోతున్నప్పుడు తన పని తాను చూసుకుంటుందని అనుకుని తయారుచేశారు. మైక్రోసాఫ్ట్ వారి కన్సోల్ ఎక్స్‌బాక్స్ తన అప్‌డేట్లకు కేటాయించుకున్న సమయం తెల్లవారుజాము 2 గంటల నుంచి 6 గంటల మధ్య. సరిగ్గా ఆ వేళకు మన ఇళ్లలో దానికి కరెంటు ఉండదు. మూడు నెలల బాకీ అంతా పండగ నాడు ఒక్కసారి మీద పడుతుంది.

తొంభైలలో మన ఇళ్లలో ఆడిన క్యాసెట్ గేములకు ఈ బాధ లేదు. క్యాసెట్ బయటికి తీసి, అడుగున ఉఫ్ మని ఊది, మళ్లీ గుచ్చితే సరిపోయేది. 1985లో నింటెండో విడుదల చేసిన సూపర్ మారియో బ్రదర్స్ గేమ్ మొత్తం 40 కిలోబైట్లు. ఇవాళ వాట్సాప్‌లో వచ్చే శుభోదయం బొమ్మ అంతకన్నా పెద్దది. ఆ గేమ్‌లో పేరుమోసిన లోపం ఒకటి ఉంది. మొదటి లోకం రెండో మజిలీ చివర ఒక గోడలోంచి ఒడుపుగా జారితే మారియో ఒక నీటి మడుగులో పడతాడు. ఎంత ఈదినా దారి మళ్లీ మొదటికే వస్తుంది. సమయం అయిపోయి చావడమే తప్ప బయటపడే మార్గం లేదు. ఆ క్యాసెట్ ఎవరి పెట్టెలో ఉన్నా ఆ లోపం ఇప్పటికీ అందులో పదిలంగా ఉంది. ఒకసారి అమ్మాక దిద్దే వీలు లేదు కాబట్టి, అమ్మేముందే ఒళ్లు దగ్గర పెట్టుకుని చూసుకోవలసి వచ్చేది.

2001లో మైక్రోసాఫ్ట్ తన మొదటి ఎక్స్‌బాక్స్‌లో హార్డ్ డిస్క్‌నూ ఇంటర్నెట్ తీగ తగిలించే చోటునూ పెట్టి అమ్మింది. మరుసటి ఏడాది ఎక్స్‌బాక్స్ లైవ్ అనే ఇంటర్నెట్ సేవ మొదలైంది. అమ్మేసిన గేమ్‌ను కొన్నవాడి ఇంట్లోనే దిద్దే వీలు కలిగింది. ఆ వీలు అలవాటైంది, అలవాటు బద్ధకంగా మారింది. 2015లో వచ్చిన టోనీ హాక్స్ ప్రో స్కేటర్ 5 గేమ్ డిస్క్‌లో ఉన్నది 4.6 జీబీ. అందులో ఆట నేర్పే పాఠం, మైదానం కట్టుకునే పరికరాలు తప్ప ఏమీ లేవు. అసలు ఆటంతా విడుదల రోజున వచ్చిన 7.7 జీబీ ప్యాచ్‌లో, అంటే దిద్దుబాటు అప్‌డేట్‌లో, ఉంది. అంటే ఇంటర్నెట్ లేని ఇంట్లో ఆ డిస్క్ దాదాపు ఖాళీ డబ్బా. 2020 డిసెంబరు 10న విడుదలైన సైబర్‌పంక్ 2077 సంగతి ఇంకా ఘోరం. పాత కన్సోళ్ల మీద అది ఎంత అధ్వానంగా నడిచిందంటే, వారం తిరిగేసరికి సోనీ దాన్ని తన ప్లేస్టేషన్ స్టోర్ నుంచి తీసేసి డబ్బు వాపసు ఇచ్చింది. 2021 జూన్‌లో గానీ మళ్లీ పెట్టలేదు. అదే గేమ్ 2023లో వచ్చిన 2.0 అప్‌డేట్ తర్వాత మంచి పేరు తెచ్చుకుంది. 2016లో అందరూ పెదవి విరిచిన నో మ్యాన్స్ స్కై కూడా ఏళ్ల తరబడి ఉచితంగా ఇచ్చిన అప్‌డేట్లతోనే నిలబడింది. కాబట్టి అప్‌డేట్‌ను శత్రువుగా చూడలేం. కొత్త గేమ్ విడుదలైన రోజునే ఎగబడి కొనకుండా ఆరు నెలలు ఆగితే, తక్కువ ధరకు ఎక్కువ గేమ్ దొరుకుతుందని మాత్రం చెప్పగలను.

ఇంతకీ ఒక చిన్న లోపం దిద్దడానికి 20 జీబీ ఎందుకు? గేమ్‌లోని బొమ్మలు, శబ్దాలు, కదలికలు వేలకు వేలు. వాటిని విడివిడిగా కాకుండా పెద్ద పెద్ద ఫైళ్లలో కుక్కి ఉంచుతారు. నెల్లూరు మసూరి బస్తాలో ఉన్నది ఒకే ఒక్క రాయి అయినా బస్తా కుట్టు విప్పకుండా తీయలేం కదా. ఒక ఆటగాడి చొక్కా రంగు మారినా, ఆ బొమ్మ ఉన్న పెద్ద ఫైలు మొత్తాన్ని మళ్లీ పంపవలసి రావచ్చు. పైగా పాత హార్డ్ డిస్కుల కాలంలో ఒకే వస్తువును చాలాచోట్ల నకళ్లుగా పెట్టేవారు, డిస్కులో వెతికే సమయం కలిసి రావాలని. పీఎస్4, అంటే సోనీ ప్లేస్టేషన్ 4, స్పైడర్‌మ్యాన్ గేమ్‌లో కొన్ని వస్తువుల సమాచారం 400 సార్లు నకలై ఉందని పీఎస్5 రూపశిల్పి మార్క్ సెర్నీ 2020 మార్చిలో స్వయంగా చెప్పారు. న్యూయార్క్ వీధుల్లోని పోస్టు డబ్బాల వంటివి అన్నమాట. పీఎస్5లో ఉన్న ఎస్ఎస్‌డీకి, అంటే తిరిగే డిస్కు లేని వేగమైన స్టోరేజ్‌కు, ఆ అవసరం లేదు.

ఇప్పుడు కొంచెం లెక్క. మీ ప్లాన్ మీద 40 ఎంబీపీఎస్ అని రాసి ఉంటే అది మెగాబిట్లలో. గేమ్ పరిమాణం బైట్లలో ఉంటుంది. 8తో భాగిస్తే సెకనుకు 5 మెగాబైట్లు. 20 జీబీ రావడానికి 4000 సెకన్లు, అంటే గంటా ఏడు నిమిషాలు. అది కూడా రౌటర్ పక్కనే ఉంటే. రౌటర్ వరండాలో, కన్సోల్ రెండు గోడల అవతల పడకగదిలో ఉంటే వైఫై వేగం సగానికి సగం పడిపోయినా ఆశ్చర్యం లేదు. రౌటర్ నుంచి కన్సోల్‌కు నేరుగా ఒక లాన్ కేబుల్ లాగించండి. దాని ఖర్చు ఒక కొత్త గేమ్ ధరలో చిన్న భాగం.

ఫైబర్ నెట్ ఉన్నవాళ్లకు ఈ లెక్క. విద్యుత్ స్తంభాల మీదుగా ఫైబర్ తీగ చాలా ఊళ్లకు వచ్చింది గానీ, కనిగిరి, పొదిలి వైపు పల్లెల్లో ఇప్పటికీ ఫోన్ హాట్‌స్పాట్‌తో నెట్టుకొచ్చే ఇళ్లున్నాయి. రోజుకు 2 జీబీ ఇచ్చే ప్లాన్‌తో 20 జీబీ దించాలంటే పది రోజులు, ఆ పది రోజులూ ఇంట్లో ఇంకెవరూ ఫోన్ చూడకూడదు. అటువంటివాళ్లకు నా సలహా మొహమాటం మానుకోమని. ఒంగోలులో పిన్ని ఇంటికి వెళ్లేటప్పుడు కన్సోల్‌ను బట్టల సంచిలో పెట్టుకుని వెళ్లండి, రాత్రికి రాత్రి పని అయిపోతుంది. ఎక్స్‌బాక్స్ అయితే అంత బరువు మోయనక్కరలేదు. పిన్ని కొడుక్కూ అదే కన్సోల్, అదే గేమ్ ఉంటే, దాన్ని ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్‌లోకి ఎక్కించుకుని తెచ్చుకోవచ్చు. ఆడాలంటే మాత్రం మీ దగ్గర ఆ గేమ్ డిస్క్ గానీ, గేమ్ కొన్న ఖాతా గానీ ఉండాలి. నింటెండో స్విచ్ అనే కన్సోల్‌లో ఇంకా తేలిక. పక్కపక్కన పెట్టిన రెండు యంత్రాల్లో ఒకదానిలో కొత్త వెర్షన్ ఉంటే, ఇంటర్నెట్ లేకుండానే రెండోది దాన్ని అందుకోగలదు. ఇంత మంచి ఏర్పాటు మిగతా కంపెనీలకు ఎందుకు తట్టలేదో నాకు అర్థం కాదు.

మళ్లీ గోడ మీది స్విచ్ దగ్గరకు వద్దాం. పీఎస్4, పీఎస్5లను పూర్తిగా ఆపకుండా రెస్ట్ మోడ్‌లో పెట్టవచ్చు. అప్పుడు దీపం నారింజ రంగులో వెలుగుతుంది. ఆ స్థితిలోనూ ఇంటర్నెట్‌తో సంబంధం ఉండేలా పవర్ సేవింగ్ సెట్టింగుల్లో ఒకసారి అనుమతి ఇవ్వాలి. పీఎస్5లో అయితే ఆటోమేటిక్ అప్‌డేట్స్ అన్న వరసలో డౌన్‌లోడ్, ఇన్‌స్టాల్ రెండూ ఆన్ చేయాలి. ఎక్స్‌బాక్స్ ఈ విషయంలో మెరుగు. 2023 నుంచి దాన్ని షట్‌డౌన్‌లో ఉంచినా రాత్రి పూట లేచి అప్‌డేట్లు తెచ్చుకుంటుంది, గోడ మీద స్విచ్ మాత్రం ఆన్‌లో ఉండాలి. తాతయ్యకు బిల్లు గురించి ఇలా చెప్పండి. ఆడుతున్నప్పుడు పీఎస్5 200 వాట్ల దాకా తాగుతుంది, రెస్ట్ మోడ్‌లో ఊరికే ఉన్నప్పుడు కొద్ది వాట్లే. రోజూ అక్కరలేదు, వారానికి ఒక రాత్రి, శుక్రవారమో శనివారమో, ఆ ఒక్క స్విచ్‌నూ రౌటర్ స్విచ్‌నూ వదిలేయమనండి. బోర్డు మీద కాగితం ముక్క అతికిస్తే మర్చిపోరు.

పిడుగుల విషయంలో మాత్రం తాతయ్య మాటే సరైనది. మన జిల్లాలకు వాన ఎక్కువగా ఈశాన్య రుతుపవనాల కాలంలో, అక్టోబరు నుంచి డిసెంబరు మధ్య పడుతుంది. తుపాను హెచ్చరిక ఉన్న రాత్రి రెస్ట్ మోడ్ మాటే ఎత్తవద్దు, ప్లగ్ ఊడదీయండి. గేమ్ ప్యాచ్ దిగుతుండగా కరెంటు పోతే పెద్ద నష్టం ఉండదు, చాలాసార్లు ఆగిన చోటి నుంచే మొదలవుతుంది. కన్సోల్ సొంత సాఫ్ట్‌వేర్ మారుతుండగా కరెంటు పోతేనే ప్రమాదం, యంత్రం మొరాయించవచ్చు. చాలా ఇళ్లలో ఇన్వర్టర్ లైన్ ఫ్యాన్లకూ లైట్లకూ తప్ప టీవీ ప్లగ్‌కు ఉండదు. అందుకని సిస్టమ్ అప్‌డేట్‌ను కరెంటు నిలకడగా ఉండే వేళ, మనిషి ఎదురుగా ఉన్నప్పుడే చేయాలి. దీన్ని పెన్‌డ్రైవ్‌తోనూ చేయవచ్చు. ప్లేస్టేషన్ అధికారిక వెబ్‌సైట్‌లో ఫైలు ఉంటుంది, దాన్ని ఏ పేరుతో ఏ ఫోల్డరులో పెట్టాలో అక్కడే రాసి ఉంటుంది. వేరే చోట దొరికే ఫైళ్ల జోలికి పోకండి. గేమ్ ప్యాచ్‌లకు మాత్రం ప్లేస్టేషన్‌లో ఈ పెన్‌డ్రైవ్ దారి లేదు.

ఇంకో అడ్డంకి స్టోరేజ్. మొదట వచ్చిన పీఎస్5 డబ్బా మీద 825 జీబీ అని ఉన్నా మన వాడకానికి మిగిలేది సుమారు 667. మొదట వచ్చిన ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్‌లో 512కు 364. పీఎస్4 మరీ దారుణం, 2 జీబీ ప్యాచ్ వచ్చినా గేమ్ మొత్తాన్ని కొత్తగా నకలు తీసుకుంటుంది కాబట్టి గేమ్ పరిమాణానికి దాదాపు సమానమైన ఖాళీ అడుగుతుంది. ఆడడం మానేసిన గేములు తీసేయడానికి వెనకాడకండి. గేమ్‌ను తీసేసినా మీరు ఆడి దాచుకున్న పురోగతి విడిగా ఉంటుంది, పోదు.

ఇవేవీ చేయలేదు, కనుమ రానే వచ్చింది, గీత రానే వచ్చింది. అప్పుడైనా ఒక దారి ఉంది. డిస్క్ గేమ్ అయితే కన్సోల్‌కు ఇంటర్నెట్ ఆపేసి తెరవండి. క్రికెట్ 24 వంటివి బావా బావమరుదులు ఒకే టీవీ ముందు కూర్చుని ఆడుకోవడానికి పాత వెర్షన్ చాలు. మెల్‌బోర్న్‌లోని బిగ్ యాంట్ స్టూడియోస్ దాన్ని 2023 అక్టోబరులో విడుదల చేసింది. జట్టులో కొత్త ఆటగాడు లేకపోతే ఆ ఒక్కరోజుకు సర్దుకోండి. దూరాన ఉన్నవాళ్లతో ఆన్‌లైన్‌లో ఆడాలంటేనే అందరి దగ్గరా ఒకే వెర్షన్ ఉండి తీరాలి. ఒక్క జాగ్రత్త, కొత్త వెర్షన్‌లో దాచిన ఆటను పాత వెర్షన్ తెరవకపోవచ్చు.

పాత కన్సోళ్లు ఉన్నవాళ్లకు ఒక మాట. ప్యాచ్‌లు కంపెనీ సర్వర్‌లో ఉన్నంతకాలమే దొరుకుతాయి. నింటెండో 2023 మార్చిలో తన పాత కన్సోళ్లు వీ యూ, 3డీఎస్ యంత్రాలకు అమ్మకాలు మూసేసింది, 2024 ఏప్రిల్‌లో ఆన్‌లైన్ ఆట కూడా ఆపేసింది. సోనీ 2021లో పీఎస్3 స్టోర్ మూసేస్తామని ప్రకటించి, జనం గోల పెట్టాక వెనక్కి తగ్గింది. ఎప్పటికీ తగ్గే ఉంటుందని ఏమీ లేదు. మీ అటక మీద పీఎస్3 ఉంటే కిందికి దించి, ఉన్న డిస్కులన్నీ ఒక్కొక్కటిగా పెట్టి, ప్రతిదానికీ అప్‌డేట్ దింపుకోండి. హార్డ్ డిస్క్‌లోకి ఒకసారి చేరిన ప్యాచ్ సర్వర్ మూతపడినా పనిచేస్తుంది. ఆ హార్డ్ డిస్క్ కూడా పాతదే కాబట్టి, అది పాడవక ముందే ప్లేస్టేషన్ 3లో ఉన్న బ్యాకప్ సదుపాయంతో ఇంకో డిస్కులోకి నకలు తీసి పెట్టుకోండి. సెలవు.